పంక్తిభేదం లేని లెక్క



ముందు ఒక మాట చెబుతాను, కాస్త చెవి ఒగ్గి వినండి. "రెండు ఎక్స్, ప్లస్ మూడు." ఇప్పుడు ఇంకోటి. "రెండు... ఎక్స్ ప్లస్ మూడు." రెండింట్లోనూ మాటలు అవే, వరస కూడా అదే. నేను ఊపిరి తీసుకున్న చోటు మారింది, అంతే. ఎక్స్ అంటే 5 అనుకోండి. మొదటిదాని విలువ 13 అవుతుంది, రెండోదాని విలువ 16 అవుతుంది. మొదటిదాంట్లో రెండుతో గుణించింది ఎక్స్‌ను ఒక్కదాన్నే. రెండోదాంట్లో ఎక్స్‌నీ మూడునీ కలిపి, ఆ మొత్తాన్ని గుణించాం. నల్లబల్ల మీదయితే ఆ మొత్తానికి అటొకటి ఇటొకటి రెండు వంకర గీతలు గీసి ఊరుకుంటాం. రేడియోలో ఆ గీతలు కనపడవు కాబట్టి గొంతుతో గీయాల్సి వచ్చింది.

ఆ వంకర గీతలే బ్రాకెట్లు. వాటిని ఎలా విప్పాలో, విప్పగా వచ్చినదాన్ని ఎలా కుదించి రాయాలో ఇవాళ మాట్లాడుకుందాం. ఏడో తరగతి, ఎనిమిదో తరగతి పిల్లలు వింటుంటే సంతోషం. వాళ్ల పక్కన కూర్చుని "మాకు లెక్కలు అబ్బలేదులే" అనుకునే అమ్మానాన్నలు వింటుంటే మరీ సంతోషం. నేను చాలా ఏళ్లు బడిలో లెక్కలు చెప్పాను. బీజగణితంలో పిల్లలు మన చెయ్యి వదిలేసే చోటు ఏదని ఎవరైనా అడిగితే, ఈ బ్రాకెట్ దగ్గరే అంటాను. అక్కడ జారినవాళ్లు పదో తరగతి దాకా జారుతూనే ఉంటారు. అది చూసినప్పుడల్లా నాకు బాధగా ఉండేది. ఎందుకంటే విషయం నిజంగా చిన్నది.

మామూలు మాటల్లో కూడా ఈ చిక్కు ఉంది. "పాత ఇల్లు, కొట్టం అమ్మేశారు" అన్నారనుకోండి. పాతది ఇల్లొక్కటేనా, కొట్టం కూడా పాతదేనా? ఊళ్లోవాళ్లకు తెలుసు కాబట్టి ఎవరూ అడగరు. లెక్కకు ఊరంటూ లేదు. రాసినదాన్ని ఎవరు, ఎక్కడ చదివినా ఒకే అర్థం రావాలి. అందుకే ఎవరెవరు ఒక జట్టో గీత గీసి చూపించాలి. యూరప్‌లో చాలాకాలం జట్టు మొత్తానికి పైన ఒక అడ్డగీత గీసేవారు. ఇప్పుడు మనం వాడే గుండ్రటి బ్రాకెట్ పదహారో శతాబ్దపు అచ్చు పుస్తకాల్లో కనపడుతుంది. 1556లో అచ్చయిన ఇటలీ గణితవేత్త టార్టాగ్లియా పుస్తకం వాటిలో ఒకటి.

సరే, జట్టు కట్టాం. మరి విప్పడం ఎలా?

పెళ్లి భోజనాలు గుర్తు తెచ్చుకోండి. విస్తళ్లు వేశారు, బంతి కూర్చుంది. గుత్తివంకాయ కూర బకెట్టు పట్టుకుని ఒక కుర్రాడు వచ్చాడు. మొదటి విస్తట్లో వడ్డించి, బకెట్టుతో సహా వెనక్కి వెళ్లిపోయాడు. పెద్దవాళ్లు ఊరుకుంటారా? పంక్తిభేదం చేయకూడదన్నది మన ఇళ్లలో చిన్నప్పటినుంచీ చెవిన పడే మాట. బ్రాకెట్ అంటే అలాంటి పంక్తి. బయట ఉన్న సంఖ్య వడ్డించే మనిషి. "మూడు ఇంటూ, బ్రాకెట్లో ఎక్స్ ప్లస్ నాలుగు" అన్నప్పుడు మూడు ఎక్స్ దగ్గరికీ వెళ్లాలి, నాలుగు దగ్గరికీ వెళ్లాలి. మూడు ఎక్స్ వచ్చింది, పన్నెండు వచ్చింది. మూడు ఎక్స్ ప్లస్ పన్నెండు. పిల్లలు హడావుడిలో రాసేది మూడు ఎక్స్ ప్లస్ నాలుగు. అంటే రెండో విస్తట్లో ఏమీ పడలేదు.

పుస్తకంలో దీన్ని విభాగ న్యాయం అంటారు. పేరు బరువుగా ఉంది కానీ తెలుగు మాట్లాడే ప్రతివాళ్లూ దీన్ని రోజూ వాడుతూనే ఉన్నారు. "నలుగురు పిల్లలకీ మూడేసి పెన్నులు, అయిదేసి నోటు పుస్తకాలు ఇచ్చారు" అంటాం. ఆ "ఏసి" చూడండి, ఎంత పని చేస్తోందో! నలుగురనే మాటను పెన్నుల మీదకీ పంపింది, పుస్తకాల మీదకీ పంపింది. పెన్నులు 12, పుస్తకాలు 20. పన్నెండు పెన్నులు, అయిదు పుస్తకాలు పట్టుకొస్తే పిల్లలు కొట్టుకుంటారని రెండో తరగతి పిల్లకు కూడా తెలుసు. పెన్ను ధర ఎక్స్ రూపాయలు, పుస్తకం ధర వై రూపాయలు అనుకుంటే, ఖర్చు నాలుగు ఇంటూ, బ్రాకెట్లో మూడు ఎక్స్ ప్లస్ అయిదు వై. విప్పితే పన్నెండు ఎక్స్ ప్లస్ ఇరవై వై. ఇందులో కొత్త ఏముంది? "ఏసి" అన్న మాట బదులు బ్రాకెట్ వచ్చింది.

నోటిలెక్కలు బాగా చేసేవాళ్లను గమనించండి. కిలో 98 రూపాయల చొప్పున ఏడు కిలోలకు ఎంతని అడిగితే, 98ని వంద మైనస్ రెండుగా చేసి, ఏడు వందల్లోంచి పద్నాలుగు తీసేసి 686 అనేస్తారు. వాళ్లు కాగితం మీద బ్రాకెట్ ఎన్నడూ రాసి ఉండరు. భాస్కరాచార్యుడు లీలావతిలో 135ను 12తో గుణించమని లెక్క ఇచ్చి, చూపించిన పద్ధతుల్లో ఒకటి ఇదే. పన్నెండును ఎనిమిది, నాలుగు అని రెండు ముక్కలు చేసుకో, విడివిడిగా గుణించి కలుపుకో అన్నాడు. 1080, 540. మొత్తం 1620.

ఇప్పుడు మైనస్ సంగతికి వద్దాం. ఇక్కడ తొందరపడను, ఎందుకంటే పిల్లలు ఎక్కువగా దెబ్బతినేది ఇక్కడే.

మా తరగతిలో ఒక అమ్మాయి ఉండేది. వాళ్ల నాన్నకు బస్టాండు దగ్గర కిరాణా కొట్టు. సాయంత్రాలు తనే గల్లాపెట్టె దగ్గర కూర్చునేది. ఆ అమ్మాయికి బ్రాకెట్ ముందు మైనస్ ఉంటే లెక్క తప్పేది. "రెండు వందలు మైనస్, బ్రాకెట్లో నూట నలభై మైనస్ పది." దీన్ని విప్పి 200 మైనస్ 140 మైనస్ 10 అని రాసింది. జవాబు యాభై అంది. నేను ఎర్రసిరా పెన్ను మూసేసి, "అమ్మా, కొట్లో ఉన్నావనుకో. ఒకాయన రెండు వందల నోటిచ్చాడు. సరుకు నూట నలభై అయింది. పాత ఖాతాదారు కదాని నాన్న పది తగ్గించమన్నాడు. ఎంత తిరిగిస్తావు?" అని అడిగాను. "డెబ్బై సార్" అంది, రెప్ప వేయకుండా. "యాభై ఇవ్వకూడదా?" "అట్టా ఎట్టా సార్? ఆ పది ఆయనకే తగ్గించాం కదా, అది ఆయనకే కలవాలి!" అంది. చెప్పిన వెంటనే పుస్తకం వైపు చూసుకుంది. నేను ఇంకేమీ చెప్పలేదు. తనే మైనస్ పదిని కొట్టేసి ప్లస్ పది అని రాసింది.

యాభైకీ డెబ్బైకీ తేడా ఇరవై అని గమనించారా? పొరపాటు పది దగ్గర జరిగింది, నష్టం ఇరవై అయింది. ఎందుకంటే ఇవ్వాల్సిన పది ఇవ్వలేదు, పైగా ఇంకో పది పట్టుకున్నాం. బ్రాకెట్ ముందు మైనస్ ఉంటే లోపలున్న ప్రతి గుర్తూ మారుతుందని బడిలో చెబుతాం. సూత్రంగా చెబితే పిల్లలకు అది ఏదో మంత్రంలాగా ఉంటుంది. బిల్లు మొత్తాన్ని తీసేస్తున్నాం కాబట్టి బిల్లులో తగ్గించినది మనకు తిరిగొస్తుందని చెబితే అర్థమైపోతుంది.

ఈ మైనస్‌ను మన గణితంలో ఋణం అన్నారు, ప్లస్‌ను ధనం అన్నారు. అప్పు, సొత్తు. 628లో బ్రహ్మగుప్తుడు బ్రాహ్మస్ఫుట సిద్ధాంతంలో ఈ రెండింటినీ, సున్నానూ కలపడానికీ తీసివేయడానికీ గుణించడానికీ నియమాలు రాశాడు. ఋణాన్ని ఋణంతో గుణిస్తే ధనం వస్తుందన్నది వాటిలో ఒకటి. తెలుగు మీడియం పుస్తకాల్లో ఇవాళ్టికీ ధన సంఖ్యలు, ఋణ సంఖ్యలు అనే చదువుకుంటున్నాం. దాదాపు పద్నాలుగు వందల ఏళ్లనాటి మాటలు ఏడో తరగతి బల్లల మీద చెక్కుచెదరకుండా కూర్చుని ఉన్నాయి. ఆ సంగతి పిల్లలకు చెప్పకుండా పాఠం దాటించడం నాకు ఇష్టం లేదు.

"మైనస్ ఇంటూ మైనస్ ప్లస్ ఎందుకవుతుంది సార్?" అని అడిగిన పిల్లలకు "అది రూలు" అని జవాబివ్వకండి. ఉపాధ్యాయ మిత్రులకు నా విన్నపం ఇది. దానికి కారణం మన పంక్తి న్యాయంలోనే ఉంది. మైనస్ రెండు ఇంటూ, బ్రాకెట్లో మూడు మైనస్ మూడు. లోపల ఉన్నది సున్నా. దేనితో గుణించినా సున్నాయే రావాలి. ఇప్పుడు విప్పండి. మొదటి విస్తట్లో మైనస్ ఆరు పడింది. రెండో విస్తట్లో ఏం పడితే మొత్తం సున్నా అవుతుంది? ప్లస్ ఆరు పడాలి. ఇంకేది పడినా లెక్క తెగదు. ఎవరో పెద్దలు కూర్చుని నిర్ణయించినది కాదు ఇది. అందరికీ సమానంగా వడ్డించాలన్న ఒక్క మాటకు కట్టుబడితే ఇదే వచ్చి తీరుతుంది.

ఇంకో లెక్క. "ఏడు మైనస్ రెండు ఇంటూ, బ్రాకెట్లో ఎక్స్ మైనస్ మూడు." కొందరు పిల్లలు కనపడగానే ఏడులోంచి రెండు తీసేసి, అయిదు ఇంటూ బ్రాకెట్ అంటారు. ఆ రెండు ఏడుకు చెందినది కాదు, అది బ్రాకెట్ ముందు గరిటె పట్టుకుని నిలబడిన మనిషి. ఏడును అలా పక్కనుంచండి. మైనస్ రెండు లోపలికి వెళ్తుంది. మైనస్ రెండు ఎక్స్, ప్లస్ ఆరు. ఏడూ ఆరూ పదమూడు. పదమూడు మైనస్ రెండు ఎక్స్.

ఒప్పో తప్పో ఎవరు చెప్పాలి? ఇదే నేను ఇవాళ అన్నిటికంటే ముఖ్యంగా చెప్పాలనుకుని వచ్చిన సంగతి. టీచరు చెప్పనక్కర్లేదు. పుస్తకం చివర జవాబులు తిప్పి చూడనక్కర్లేదు. బ్రాకెట్ విప్పితే రాత మారుతుంది కానీ విలువ మారదు. కాబట్టి ఎక్స్ బదులు మీకిష్టమైన అంకె ఒకటి పెట్టి రెండు వైపులా చూసుకోండి. 5 పెట్టండి. మొదట ఉన్నది, ఏడు మైనస్ రెండు ఇంటూ రెండు, మూడు. విప్పినది, పదమూడు మైనస్ పది, మూడు. సరిపోయింది. తొందరపడి ఏడులోంచి రెండు తీసేసిన పిల్లవాడికి అయిదు రెళ్లు పది వస్తుంది. మూడు రావాల్సిన చోట పది వచ్చిందంటే దారి తప్పామని అక్కడే తెలిసిపోతుంది. ఒక్క జాగ్రత్త. పరీక్షించడానికి సున్నా, ఒకటి పెట్టకండి. అవి కొన్నిసార్లు తప్పును దాచిపెడతాయి. ఒకటిని ఒకటితో ఎన్నిసార్లు గుణించినా ఒకటే కదా! అలాగే, ఒక అంకెకు రెండు వైపులూ సరిపోయినంత మాత్రాన లెక్క ఒప్పని తేలిపోదు. కానీ ఒక్క అంకెకు సరిపోకపోయినా తప్పని మాత్రం తేలిపోతుంది. తన లెక్కను తనే సరిచూసుకోగలనని తెలిసిన పిల్ల, పరీక్ష హాల్లో పక్క పేపరు వైపు చూడదు. చాలామందిలో ఈ మార్పు నేను కళ్లారా చూశాను.

ఇక విప్పిన తర్వాత కుదించడం. పుస్తకంలో "సూక్ష్మీకరించండి" అని ఉంటుంది. ఒకే రకం పదాలను, అంటే సజాతి పదాలను, ఒకచోట చేర్చడమే ఇందులో పనంతా. మూడు ఎక్స్, రెండు ఎక్స్ కలిపితే అయిదు ఎక్స్. మూడు ఎక్స్, రెండు వై మాత్రం అలాగే ఉంటాయి. 1150లో భాస్కరాచార్యుడు బీజగణితం రాసినప్పుడు, తెలియని రాశులకు యావత్తావత్ అనీ, తర్వాత రంగుల పేర్లతో కాలకం, నీలకం, పీతకం అనీ పేర్లు పెట్టి, మొదటి అక్షరాలు యా, కా, నీ, పీ వాడాడు. ఋణమైతే నెత్తిన చుక్క పెట్టేవారు. ఒకే జాతివాటిని కలపాలి, వేరు జాతివాటిని విడిగా ఉంచాలి అని ఆ పుస్తకంలోనే స్పష్టంగా ఉంది.

ఇక్కడ నేను చేసిన ఒక పొరపాటు చెప్పాలి. ఉద్యోగంలో చేరిన కొత్తలో "ఎ అంటే ఆపిల్, బి అంటే అరటిపండు, ఆపిళ్లనూ అరటిపండ్లనూ కలపలేం కదా" అని చెప్పేవాణ్ని. పిల్లలకు వెంటనే ఎక్కేది. కొన్నాళ్లకు గుణకారం వచ్చింది. "ఎ ఇంటూ ఎ అంటే ఆపిల్ ఇంటూ ఆపిలా సార్? అదేంటి?" అని ఒకబ్బాయి అడిగాడు. నా దగ్గర జవాబు లేదు, ఎందుకంటే వాడి ప్రశ్న సరైనది, నా పాఠం తప్పు. ఎ అంటే ఆపిల్ కాదు. ఆపిల్ ధర కావచ్చు, ఆపిళ్ల సంఖ్య కావచ్చు. ఎప్పుడైనా అది ఒక సంఖ్యే. అప్పటినుంచి పండ్ల పేర్లు మానేసి "ఒక సంఖ్య, ఎంతో మనకింకా తెలియదు" అని చెప్పడం అలవాటు చేసుకున్నాను. కాస్త ఆలస్యంగా ఎక్కుతుంది కానీ మధ్యలో విరగదు.

పిల్లలకు ఇంకో ఇబ్బంది ఉంది. మూడు ఎక్స్ ప్లస్ అయిదు అని రాసి ఆగమంటే వాళ్లకు మనసొప్పదు. లెక్క సగంలో ఆగినట్టుంటుంది. ఎనిమిది ఎక్స్ అని రాసేస్తారు. ఒకటో తరగతినుంచీ కూడిక గుర్తు చూస్తే ఒక అంకె తేల్చాలని మనమే నేర్పాం మరి. ఇలాంటిదాన్ని పుస్తకంలో బీజీయ సమాసం అంటారు. తెలుగు క్లాసులో కూడా సమాసం ఉంది. రామలక్ష్మణులు అంటే విగ్రహవాక్యంలో రాముడూ లక్ష్మణుడూ అని విడదీస్తాం. వాళ్లిద్దరినీ కలిపి మూడో మనిషిని చేయం. ఇక్కడా అంతే. మూడు ఎక్స్ ప్లస్ అయిదు అన్నదే పూర్తి జవాబు. ఇంకా కుదరదు, కుదించకూడదు.

ఇప్పుడు దగ్గర్లో ఒక నలుచదరపు కాగితం ఉంటే తీసుకోండి. పదమూడు సెంటీమీటర్ల భుజం అనుకుందాం. పై అంచును మూడు సెంటీమీటర్ల మేర మడిచి విప్పండి. కుడి అంచును కూడా మూడు సెంటీమీటర్లు మడిచి విప్పండి. కాగితం మీద రెండు మడత గీతలు, నాలుగు ముక్కలు కనపడతాయి. పెద్ద చదరం పది పదులు వంద. పై కుడిమూలలో చిన్న చదరం మూడు మూళ్లు తొమ్మిది. మిగతా రెండూ పొడుగు పట్టీలు, ఒక్కొక్కటి పది మూళ్లు ముప్పై. మొత్తం 169. పదమూడు పదమూళ్లు అంతే కదా.

ఇది "ఎ ప్లస్ బి హోల్ స్క్వేర్". మన బడుల్లో పిల్లలు పాటలాగా అప్పజెప్పేది. అప్పజెప్పేటప్పుడు "టూ ఏబీ" అని బాగానే అంటారు. లెక్కలో మాత్రం ఎ స్క్వేర్ ప్లస్ బి స్క్వేర్ రాసి వదిలేస్తారు. వందా తొమ్మిదీ కలిపి 109 అని వదిలేస్తే 60 ఎక్కడికి పోయింది? మీ చేతిలో ఉన్న ఆ రెండు పట్టీల్లో ఉంది. టూ ఏబీ అంటే ఆ రెండు పట్టీలు. ఒక్కసారి వేలితో వాటిని తడిమిన పిల్లలు మళ్లీ మర్చిపోవడం నేను చూడలేదు. క్రీస్తుపూర్వం మూడు వందల ప్రాంతంలో యూక్లిడ్ కూడా తన రెండో పుస్తకంలో నాలుగో సిద్ధాంతంగా ఇలా చదరాన్ని కోసే చూపించాడు. అప్పటికి ఎలూ బీలూ లేవు.

చివరగా, గోడ మీద క్యాలెండర్ దగ్గరికి వెళ్లండి. పక్కపక్కనే ఉన్న నాలుగు తేదీల గడి ఒకటి చూసుకోండి, రెండు పైన, రెండు కింద. వారాల పేర్లు అడ్డంగా ఉన్నా, నిలువుగా ఉన్నా ఫర్వాలేదు. ఉదాహరణకు 8, 9, 15, 16. మూలకు మూల గుణించండి. 9 ఇంటూ 15, నూట ముప్పై అయిదు. 8 ఇంటూ 16, నూట ఇరవై ఎనిమిది. తేడా ఏడు. వేరే గడి పట్టండి. 3, 4, 10, 11. నాలుగు పదులు నలభై, మూడు పదకొండ్లు ముప్పై మూడు. మళ్లీ ఏడే.

ఎందుకో బ్రాకెట్ విప్పి చూద్దాం. మొదటి తేదీ ఎన్. మర్నాడు ఎన్ ప్లస్ ఒకటి. వారం తర్వాత ఎన్ ప్లస్ ఏడు, దాని మర్నాడు ఎన్ ప్లస్ ఎనిమిది. ఎన్‌ను ఎన్ ప్లస్ ఎనిమిదితో గుణిస్తే ఎన్ స్క్వేర్ ప్లస్ ఎనిమిది ఎన్. రెండో జత మూలల్లో రెండు బ్రాకెట్లున్నాయి, అంటే వడ్డించేవాళ్లూ ఇద్దరు, తినేవాళ్లూ ఇద్దరు, నాలుగు వడ్డనలు. ఎన్ స్క్వేర్, ఏడు ఎన్, ఒక ఎన్, ఏడు. సజాతి పదాలు కలిపితే ఎన్ స్క్వేర్ ప్లస్ ఎనిమిది ఎన్ ప్లస్ ఏడు. ఇందులోంచి మొదటిదాన్ని బ్రాకెట్లో పెట్టి తీసేయండి. ముందు మైనస్ ఉంది కాబట్టి లోపలి రెండు గుర్తులూ మారతాయి. ఎన్ స్క్వేర్లు పోయాయి, ఎనిమిది ఎన్‌లు పోయాయి. ఏడు మిగిలింది.

ఇప్పుడు మీరు మూడు అడ్డం, మూడు నిలువు ఉన్న తొమ్మిది తేదీల గడి తీసుకోండి. నాలుగు మూలల్లో ఉన్నవాటిని ఇలాగే మూలకు మూల గుణించి తేడా చూడండి. ముందు అంకెలతో చేయండి, తర్వాత మొదటి మూలకు ఎన్ అని పేరు పెట్టి, మిగతా మూడు మూలలకూ మీరే పేర్లు పెట్టి, బ్రాకెట్లు విప్పండి. వచ్చిన సంఖ్య ఈ నెలలోనే కాదు, ఇంకా అచ్చుకాని వచ్చే ఏడాది క్యాలెండర్‌లో కూడా అదే వస్తుందని ఆ పేజీ చూడకుండానే చెప్పగలుగుతారు.